కాలేజీ సాఫ్ట్‌బాల్ పిచర్ కెరీర్ ఎలా ఉంటుంది? పన్నెండేళ్ళ అమ్మాయి తల్లిదండ్రులకు జవాబు

ప్రశ్న క్లుప్తంగా ఇదీ: డల్లాస్ దగ్గర ఉంటున్న తెలుగు కుటుంబం. అమ్మాయికి పన్నెండేళ్ళు, 12యూ (పన్నెండేళ్ళు, అంతకు లోపు) ట్రావెల్ టీమ్‌లో పిచర్, అంటే బ్యాటర్‌కి బంతి వేసే అమ్మాయి, గంటకు 50 మైళ్ళ దాకా వేస్తోంది. కాలేజీలో ఆడగలదా, ఆడితే ఆ నాలుగేళ్ళు ఎలా గడుస్తాయి, ఆ తర్వాత ఏముంటుంది? పనిలో పనిగా, హైదరాబాద్‌లో సాఫ్ట్‌బాల్ ఆడుతున్న మేనకోడలు స్పోర్ట్స్ స్కాలర్‌షిప్ మీద రావచ్చా?

ఆడగలదు. అయితే ఈ వయసులో మైళ్ళ లెక్క చూసి ఏదీ తేల్చలేం. కాలేజీ పిచర్ కెరీర్‌ని నిర్ణయించేవి రెండు. పద్దెనిమిదేళ్ళకి భుజం ఆరోగ్యంగా ఉండటం ఒకటి. తనకి నిజంగా ఇన్నింగ్స్ ఇచ్చే, అంటే ఆటల్లో బంతి వేయనిచ్చే కాలేజీలో చేరడం రెండోది. వేగం, రకరకాల బంతులు, వీడియోలు అన్నీ ఈ రెండింటి తర్వాతే.

ముందు దూరాలు. 10యూలో పిచింగ్ దూరం 35 అడుగులు, 12యూలో 40, పద్నాలుగేళ్ళ నుంచి కాలేజీ దాకా 43. 12యూ నుంచి బంతి చుట్టుకొలత 12 అంగుళాలు. బేస్‌బాల్‌లో లాగా మట్టి దిబ్బ ఉండదు, నేల చదునుగానే ఉంటుంది. గంటకు 65 మైళ్ళతో వేసిన బంతి చేయి వదిలిన చోటి నుంచి బ్యాటర్ నిలబడే ప్లేటుకి సుమారు 0.4 సెకన్లలో చేరుతుంది. 40 నుంచి 43 అడుగులకు మారిన ఏడాది చాలామంది అమ్మాయిలకు కంట్రోల్ చెదురుతుంది, చివర్లో కిందకి దిగాల్సిన డ్రాప్ బాల్ ప్లేటు ముందే నేలని తాకుతుంది. అది చూసి కంగారుపడి కోచ్‌ని మార్చేయకండి. మూడు నాలుగు నెలల్లో కుదురుకుంటుంది.

వేగం సంగతి. కాలేజీ ఆటల్ని నడిపే ఎన్‌సీఏఏ కాలేజీలని మూడు డివిజన్లుగా విడదీస్తుంది, పైది డివిజన్ 1. అందులో పెద్ద కాన్ఫరెన్సుల్లో, అంటే తమలో తాము ఆడుకునే కాలేజీల గుంపుల్లో, పిచర్లు ఎక్కువగా 65 నుంచి 70 మైళ్ళ మధ్య ఉంటారు. డివిజన్ 2లో 60 దాటితే చూస్తారు. డివిజన్ 3లో అంతకు కాస్త తక్కువైనా చోటు దొరుకుతుంది. టెనెసీ పిచర్ కార్లిన్ పికెన్స్ 2025 మేలో 79.4 మైళ్ళు వేసింది. అంతకుముందు ఏళ్ళ తరబడి మోనికా ఆబట్ పేరు మీదున్న రికార్డు 77. ఇవన్నీ కొసన ఉన్న అంకెలు. కాలేజీ బ్యాటర్లు 68 మైళ్ళ తిన్నని బంతిని రెండోసారి బ్యాటింగ్‌కి వచ్చేసరికి పట్టేస్తారు. 62 మైళ్ళే వేసినా మోకాలి ఎత్తున ప్లేటు రెండు అంచులూ తాకించి, అదే చేతి ఊపుతో చేంజప్ అనే 48 మైళ్ళ నెమ్మది బంతి వేసే అమ్మాయిని మూడోసారి కూడా కొట్టలేక తడబడతారు.

ఇప్పుడు మెకానిక్స్. ఇక్కడ పడ్డ తప్పులే తర్వాత భుజానికి చుట్టుకుంటాయి. చేతిని గడియారం ముల్లుగా అనుకుంటే, ముందుకు వేసిన పాదం నేలకు ఆనేసరికి చేయి పన్నెండు దాటి వెనక్కి, తొమ్మిది వైపు దిగుతూ ఉండాలి. ఆ పాదం బ్యాటర్ వైపు తిన్నగా కాకుండా 30 నుంచి 45 డిగ్రీలు పక్కకు తిరిగి ఆనాలి. అంగ పొడవు దాదాపు తన ఎత్తంత. ముందరి కాలు గట్టిగా నిలబడి శరీరాన్ని ఆపితేనే ఆ శక్తి చేతిలోకి వస్తుంది. మోకాలు ముందుకు కుంగిపోతే శక్తంతా నేలపాలు. బంతి వదిలేటప్పుడు ముంజేయి లోపలి భాగం తుంటిని రాసుకుంటూ పోవాలి, ముంజేయి సహజంగా లోపలికి తిరగాలి.

చాలా ఊళ్ళలో ఇప్పటికీ బంతి వదిలాక మోచేతిని క్యాచర్ వైపు ఎత్తి చూపించే 'హలో ఎల్బో' పద్ధతి, గంటల కొద్దీ మణికట్టు స్నాప్ డ్రిల్స్ నేర్పుతున్నారు. పేరున్న పిచర్ ఎవరి వీడియో అయినా స్లో మోషన్‌లో పెట్టి చూడండి, బంతి వదిలే క్షణంలో వాళ్ళు చేసేది అది కాదు. మీ కోచ్ ఇంకా అదే నేర్పిస్తుంటే వేరే కోచ్‌ని చూసుకోవడానికి అది చాలు.

బంతి పైకి పోతుంటే ఆలస్యంగా వదులుతున్నట్టు, కిందకి పోతుంటే తొందరగా వదులుతున్నట్టు. కుడి ఎడమలకు చెదురుతుంటే తుంటిని ముందే మూసేస్తోందేమో చూడండి. తుంటి అడ్డొస్తే చేతికి తిన్నటి దారి ఉండదు, చుట్టూ తిరిగి వస్తుంది. పక్క నుంచి కాకుండా క్యాచర్ వెనక నుంచి తీసిన వీడియోలో ఇది స్పష్టంగా కనిపిస్తుంది. వెనక పాదం గాల్లోకి లేవడం గురించి కూడా తెలుసుకోండి. 2024 సీజన్ నుంచి ఎన్‌సీఏఏలో రెండు పాదాలూ నేల వదిలినా పర్వాలేదు. గాల్లోంచి దిగి వెనక పాదాన్ని మళ్ళీ నేలకు తన్ని ముందుకు నెట్టుకోవడం, అంటే క్రో హాప్, మాత్రం ఇప్పటికీ ఇల్లీగల్ పిచ్చే, బ్యాటర్‌కి అనుకూలంగా ఒక 'బాల్', అంటే చెడ్డ బంతి, లెక్కిస్తారు.

బంతుల వరుస విషయంలో తల్లిదండ్రులు తొందరపడే చోటు రైజ్ బాల్, అంటే బ్యాటర్ దగ్గర పైకి లేచినట్టుండే బంతి. పన్నెండేళ్ళకు ఫాస్ట్‌బాల్ కంట్రోల్, చేంజప్ చాలు. పదమూడు పద్నాలుగుకి డ్రాప్. ఆ తర్వాతే రైజ్, పక్కకి తిరిగే కర్వ్, స్క్రూ. రైజ్ వేస్తున్నానని చెప్పే అమ్మాయిల్లో చాలామంది వేసేది బులెట్ స్పిన్, అంటే క్యాచర్ వైపు చూసే ఇరుసు మీద డ్రిల్ బిట్ లాగా తిరిగే బంతి. అది పైకి లేవదు, తిన్నగా ఎత్తు మీద వస్తుంది, బ్యాటర్ కొడితే కంచె దాటుతుంది. పరీక్ష సులువు. బంతి చుట్టూ నల్ల టేపు పట్టీ ఒకటి నడుముకి కట్టినట్టు అంటించి, పట్టీ నిలువుగా క్యాచర్‌కి ఎదురుగా ఉండేలా పట్టుకుని వేయమనండి. క్యాచర్‌కి ఆ పట్టీ కదలని నిలువు గీతలా కనిపిస్తూ బంతి వెనక్కి తిరుగుతుంటే అది బ్యాక్‌స్పిన్. గీత గడియారం ముల్లులా గిర్రున తిరుగుతుంటే బులెట్. చేంజప్‌లో పడే తప్పు వేరే: చేయి నెమ్మదిస్తుంది, లేదా గ్రిప్ మార్చుకునేటప్పుడు గ్లవ్ విచ్చుకుంటుంది. ఫస్ట్ బేస్ కోచ్ దాన్ని పసిగట్టి బ్యాటర్‌కి అందిస్తాడు. కాలేజీలో ప్రతి టీమ్ దగ్గరా మీ అమ్మాయి వీడియో ఉంటుంది, ఆ గ్లవ్‌ని ఎవరో ఒకరు చూస్తారు.

ఇక భుజం. 'అండర్‌హ్యాండ్ సహజమైన కదలిక, ఎంత వేసినా ఏం కాదు' అనే మాట అన్ని మైదానాల్లోనూ వినిపిస్తుంది. అది తప్పు. చేతిని గుండ్రంగా తిప్పి వేసే ఈ విండ్‌మిల్ పిచింగ్‌లో భుజం కీలుని బయటికి లాగే బలం శరీర బరువులో సగటున 80 శాతం ఉంటుందని ఒలింపిక్ స్థాయి పిచర్ల మీద కొలిచి చూశారు. ఆ లాగుడుని ఎక్కువగా ఆపేది భుజం ముందు వైపున్న బైసెప్స్ స్నాయువు. అందుకే సాఫ్ట్‌బాల్ పిచర్లకు నొప్పి మొదట భుజం ముందు భాగంలో వస్తుంది. ముంజేతి ఎముకలో స్ట్రెస్ ఫ్రాక్చర్లు, నడుము నొప్పి కూడా చూస్తాం.

కాలేజీలో పిచ్‌ల సంఖ్యకు పరిమితి లేదు. చిన్న వయసులో టోర్నమెంట్లలో కూడా చాలా చోట్ల లేదు. కాబట్టి లెక్క మీరే పెట్టుకోవాలి. స్పోర్ట్స్ మెడిసిన్ వైద్యులు ఇచ్చిన సలహా ప్రకారం 10 నుంచి 12 ఏళ్ళ పిల్లలకి ఒక ఆటలో 65, రోజుకి 95, వరుసగా మూడో రోజు సున్నా. 13, 14 ఏళ్ళకి ఆటకి 80, రోజుకి 115. పదిహేను దాటాక ఆటకి 100, రోజుకి 140. శనివారం మూడు ఆటలు, ఆదివారం మూడు ఆటలు ఉన్న టోర్నమెంట్లో ఒక్క పిచర్ మీద ఆధారపడే టీమ్ ఈ లెక్క దాటడానికి శనివారం మధ్యాహ్నం చాలు. టీమ్‌లో కనీసం ముగ్గురు నిఖార్సైన పిచర్లు ఉన్నారా అన్నది చేరే ముందే అడగండి. 'ఏస్ మీ అమ్మాయే' అని మెచ్చుకుంటే మురిసిపోకండి, ఎన్ని పిచ్‌లు వేయిస్తారో అడగండి. వార్మప్‌లో వేసినవి, బుల్‌పెన్‌లో (మైదానం పక్కన పిచర్లు సిద్ధమయ్యే చోట) వేసినవి కూడా లెక్కలో కలపాలి. చాలామంది వదిలేసేది అదే.

ప్రాక్టీస్ వారానికి మూడు నాలుగు రోజులు చాలు. ఒక సెషన్లో 60, 70 పిచ్‌లు: పది పదిహేను అడుగుల దూరం నుంచి స్పిన్ కోసం 15, చేయి పన్నెండు దగ్గర ఆపి అక్కణ్ణుంచి 15, పూర్తి మోషన్‌తో 25, చేంజప్ 10. ఏడాదిలో కనీసం రెండు మూడు నెలలు పిచింగ్ పూర్తిగా ఆపేయాలి. టెక్సస్‌లో ఏడాది పొడవునా టోర్నమెంట్లు ఉంటాయి కాబట్టి ఈ విరామం దానంతటది రాదు, మీరు కేలెండర్ మీద ముందే గీత గీసుకోవాలి. ఆ నెలల్లో పిరుదుల కండరాలు, వీపు పైభాగం, రెక్క ఎముక చుట్టూ బలం పెంచే వ్యాయామాలు చేయించండి. వేగం కాళ్ళ నుంచి వస్తుంది. భోజనం గురించి ఒక్క మాట: ఎదిగే క్రీడాకారులకు కిలో బరువుకి రోజుకి 1.2 నుంచి 2 గ్రాముల ప్రొటీన్ కావాలి. 50 కిలోల అమ్మాయికి 60 నుంచి 100 గ్రాములు. అన్నం, పప్పు, పెరుగు తింటోంది కదా అనుకుంటే అంత చేరడం కష్టం. గుడ్లో, పనీరో, చికెనో, సోయానో ప్రతి పూటా ఉండాలి. నెలసరి తప్పడం మొదలైతే తిండి చాలడం లేదేమో అని డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళండి, 'ఆటలాడే పిల్లలకి మామూలే' అని వదిలేయకండి.

ముఖానికి ఫీల్డింగ్ మాస్క్ పెట్టించండి. బంతి వేసి ముందుకొచ్చి నిలబడేసరికి బ్యాట్‌కి తను 37 అడుగుల దూరంలో ఉంటుంది, కొట్టిన బంతి వేసిన బంతికన్నా వేగంగా తిరిగొస్తుంది. దీని మీద చర్చ అక్కర్లేదు.

రిక్రూటింగ్‌కి వద్దాం. డివిజన్ 1 కోచ్‌లు మీ అమ్మాయితో నేరుగా మాట్లాడటం, ఆఫర్ చెప్పడం హైస్కూల్ మూడో ఏడాది, అంటే 11వ తరగతి మొదలయ్యే సెప్టెంబరు 1 నుంచే. దానికి ముందు వాళ్ళు చూడవచ్చు, మీరు ఈమెయిల్ పంపవచ్చు, క్యాంపులకు వెళ్ళవచ్చు. కాబట్టి ఎనిమిదో తరగతిలో 'రిక్రూటింగ్ సర్వీస్'కి వేల డాలర్లు కట్టాల్సిన పనిలేదు. తొమ్మిదో తరగతి నుంచి అమ్మాయే స్వయంగా రాసిన చిన్న ఈమెయిల్ చాలు: పుట్టిన సంవత్సరం కాదు, గ్రాడ్యుయేషన్ సంవత్సరం, ఎత్తు, ఏ చేత్తో వేస్తుంది, రాడార్‌లో సగటు వేగం, జీపీఏ, రాబోయే టోర్నమెంట్లో ఏ మైదానంలో ఏ గంటకి ఆడుతోందో, రెండు నిమిషాలు దాటని వీడియో. వీడియోలో క్యాచర్ వెనక నుంచి తీసిన షాట్లు ముందు పెట్టండి, బంతి కదలిక కోచ్‌కి అక్కణ్ణుంచే తెలుస్తుంది. పాటలు, గ్రాఫిక్స్ వద్దు. వేగం పెంచి చెప్పకండి, వాళ్ళ చేతిలోనూ రాడార్ ఉంటుంది.

డబ్బు గురించి ఆశలు కాస్త తగ్గించుకోవాలి. 2025 దాకా డివిజన్ 1 సాఫ్ట్‌బాల్ టీమ్ మొత్తానికి 12 స్కాలర్‌షిప్‌లు ఉండేవి, వాటిని ఇరవై మందికి ముక్కలుగా పంచేవారు. ఎన్‌సీఏఏ మీద క్రీడాకారులు వేసిన దావాలో 2025 జూన్‌లో కోర్టు ఆమోదించిన హౌస్ ఒప్పందం తర్వాత ఆ ఒప్పందంలో చేరిన కాలేజీల్లో ఆ పరిమితి పోయి, దాని స్థానంలో రోస్టర్ (టీమ్ జాబితా) పరిమితి వచ్చింది: 25 మంది. పెద్ద కాలేజీలు అందరికీ పూర్తి స్కాలర్‌షిప్ ఇవ్వగలవు, చాలా కాలేజీలు ఇవ్వవు. ఐవీ లీగ్‌లోనూ, డివిజన్ 3లోనూ అథ్లెటిక్ స్కాలర్‌షిప్‌లే లేవు. అక్కడ మార్కులు, కుటుంబ ఆదాయం చూసి సహాయం ఇస్తారు. బాగా చదివే అమ్మాయికి చాలాసార్లు అదే పెద్ద మొత్తం అవుతుంది. పిచర్ నైజరీ కెనడీ 2024లో స్టాన్‌ఫర్డ్ నుంచి టెక్సస్ టెక్‌కి పది లక్షల డాలర్లు దాటిన ఎన్‌ఐఎల్ (ఆటగాళ్ళు తమ పేరు, బొమ్మ వాడుకోనిచ్చి డబ్బు తీసుకునే) ఒప్పందంతో మారిన సంగతి అందరూ విన్నారు. ఆ ఒక్క ఉదాహరణ చూసి ఇంటి బడ్జెట్ వేసుకోకూడదు.

కాలేజీ ఎంచుకునేటప్పుడు అడగాల్సింది ఒక్కటే పెద్ద ప్రశ్న: మా అమ్మాయి చేరే ఏడాదికి మీ పిచర్లలో ఎవరెవరు ఉంటారు? రోస్టర్ కాలేజీ వెబ్‌సైట్లోనే ఉంటుంది. నలుగురు పిచర్లలో ముగ్గురు తనకన్నా ఒకే ఏడాది పెద్దయితే, మూడేళ్ళు బుల్‌పెన్‌లోనే కూర్చోవాలి. పోయిన సీజన్లో ఇన్నింగ్స్ ఎలా పంచారో గణాంకాల పేజీలో చూడండి. ఒకే అమ్మాయి మూడింట రెండు వంతులు వేసి మిగతావాళ్ళకి ముక్కలు దొరికితే ఆ కోచ్ పద్ధతి అదే. పిచింగ్ కోచ్ ఎన్నేళ్ళుగా అక్కడున్నారో కూడా చూడండి. పేరున్న కాలేజీలో ఏడాదికి ఎనిమిది ఇన్నింగ్స్ కంటే, మధ్యస్థ కాలేజీలో 120 ఇన్నింగ్స్ వేసిన పిచర్‌దే నిజమైన కెరీర్. పిచింగ్ ఆటల్లోనే ఎదుగుతుంది.

చేరాక సీజన్ ఫిబ్రవరి నుంచి జూన్ మొదటి వారం దాకా. రెగ్యులర్ సీజన్లో గరిష్ఠంగా 56 ఆటలు. ఫిబ్రవరిలో వారాంతానికి ఐదేసి ఆటల టోర్నమెంట్లు, మార్చి నుంచి శుక్ర, శని, ఆదివారాల్లో ఒకే ప్రత్యర్థితో మూడేసి ఆటలు. వారానికి 20 గంటల పరిమితి కాగితం మీద ఉంది, అందులో ఒక ఆటని ఎంతసేపు ఆడినా మూడు గంటలుగానే లెక్కిస్తారు. బస్సులో గడిచే గంటలు లెక్కలో లేవు. మెడిసిన్ వైపు వెళ్ళాలనుకునే అమ్మాయికి ఇది ముఖ్యం: శుక్రవారం ల్యాబ్ ఉన్న కెమిస్ట్రీ కోర్సుని వసంతంలో తీసుకుంటే సగం ల్యాబులు పోతాయి. వాటిని ఫాల్‌లోనో వేసవిలోనో పెట్టుకోవాలి. ఏ మేజర్‌తో ఎంతమంది టీమ్‌మేట్లు నాలుగేళ్ళలో పూర్తి చేశారో విజిట్‌కి వెళ్ళినప్పుడు ఆటగాళ్ళనే అడగండి, కోచ్‌ని కాదు.

మొదటి ఏడాది సాధారణంగా బ్యాటర్లు పాఠం చెప్పే ఏడాది. హైస్కూల్లో ఊపి మిస్సయ్యే బయటి రైజ్‌ని ఇక్కడ వదిలేస్తారు. దాంతో వాక్‌లు (నాలుగు చెడ్డ బంతులకి బ్యాటర్‌కి ఉచితంగా దక్కే బేస్) పెరుగుతాయి, ప్లేటు మీదకి తీసుకొస్తే బంతి కంచె దాటుతుంది. రెండో ఏడాదికి మొదటి బంతి స్ట్రైక్ శాతం 60 దాటితే మెల్లగా కుదురుకుంటుంది. ఐదేళ్ళ వ్యవధిలో నాలుగు సీజన్లు ఆడే నియమం వల్ల గాయమైతే రెడ్‌షర్ట్ తీసుకోవచ్చు, అంటే ఆ ఏడాది ఆడకుండా సీజన్‌ని మిగుల్చుకోవచ్చు. నొప్పిని దాచి ఆడటం కన్నా అది ఎంతో మేలు. 2024 నుంచి ట్రాన్స్‌ఫర్ పోర్టల్‌లో (కాలేజీ మారాలనుకునే ఆటగాళ్ళు పేరు పెట్టుకునే జాబితాలో) ఎన్నిసార్లు మారినా వెంటనే ఆడవచ్చు, చదువులో అర్హత ఉంటే చాలు. ఇన్నింగ్స్ దొరకకపోతే మారడంలో తప్పులేదు. కానీ క్రెడిట్లు ఎన్ని కొత్త కాలేజీకి వస్తాయో రాతపూర్వకంగా తెలుసుకున్నాకే పోర్టల్‌లో పేరు పెట్టాలి.

ఒక్క పిచర్ మీద టీమ్ ఎంత బరువు మోపవచ్చో చరిత్ర చెబుతుంది. మోనికా ఆబట్ టెనెసీలో 2004 నుంచి 2007 దాకా 189 విజయాలు, 2,440 స్ట్రైక్‌ఔట్లు సాధించింది, 1,400 పైచిలుకు ఇన్నింగ్స్ వేసింది. ఈ రికార్డుని ఇకపై ఎవరైనా అందుకుంటారని నేననుకోను, అందుకోకపోవడమే పిల్లల భుజాలకి మంచిది. 2008 బీజింగ్‌లో జపాన్ పిచర్ యుకికో ఉఎనో రెండు రోజుల్లో 413 పిచ్‌లు వేసి స్వర్ణం తెచ్చింది. 2025 కాలేజీ వరల్డ్ సిరీస్‌లో కెనడీ ఆఖరి ఆట దాకా తన టీమ్ టెక్సస్ టెక్ వేసిన ప్రతి పిచ్ తనే వేసింది, ఆ ఆఖరి ఆటలో మొదటి ఇన్నింగ్స్‌లోనే ప్రత్యర్థి టెక్సస్ యూనివర్సిటీ ఐదు పరుగులు కొట్టింది. వారం రోజులుగా అవే బంతులు చూసిన బ్యాటర్లకి, అలసిన చేతికి మధ్య పోటీ అలాగే ముగుస్తుంది. అందుకే మంచి కోచ్‌లు ఇప్పుడు నలుగురైదుగురు పిచర్లని పెట్టుకుని, బ్యాటింగ్ ఆర్డర్ మూడోసారి వచ్చేలోపు మారుస్తున్నారు.

కాలేజీ తర్వాత. జపాన్‌లో 2022 నుంచి 16 టీములతో నడుస్తున్న జేడీ లీగ్‌లో విదేశీ పిచర్లకు కంపెనీ టీములు మంచి జీతాలు ఇస్తాయి, ఆబట్ ఎన్నో ఏళ్ళు అక్కడే ఆడింది. అమెరికాలో ఏయూఎస్ఎల్ అనే ప్రొఫెషనల్ లీగ్ 2025 జూన్‌లో నాలుగు టీములతో మొదలైంది. 2028 ఒలింపిక్స్‌లో సాఫ్ట్‌బాల్ ఉంది, ఆటలు ఓక్లహోమా సిటీలో. వీటన్నిటిలో కలిపి పిచర్లకి ఉన్న చోట్లు చాలా కొద్ది. ఎక్కువమందికి దొరికేది కోచింగ్: గ్రాడ్యుయేట్ అసిస్టెంట్‌గా చేరితే మాస్టర్స్ ఫీజు కలిసొస్తుంది, విడిగా పిచింగ్ పాఠాలు చెప్పుకుంటే డల్లాస్ లాంటి ఊళ్ళో నిలకడగా ఆదాయం ఉంటుంది. మిగతావాళ్ళు డిగ్రీ చేతపట్టుకుని ఉద్యోగాల్లోకి వెళ్ళిపోతారు.

మీ మేనకోడలి విషయం. అంతర్జాతీయ ఆటల్లో కూడా దూరం ఇదే, బంతి ఇదే కాబట్టి ఆటలో పెద్ద తేడా ఉండదు. ఎన్‌సీఏఏ ఎలిజిబిలిటీ సెంటర్‌లో నమోదు చేసుకోవాలి. తొమ్మిదో తరగతి నుంచి ఇంటర్ దాకా మార్కుల మెమోలు, వాటిలో నిర్దేశించిన 16 కోర్ సబ్జెక్టులు చూస్తారు. 2023 నుంచి ఎన్‌సీఏఏ అర్హతకి ఎస్ఏటీ అక్కర్లేదు, కాలేజీ అడిగితే వేరు. ఇంటర్ తర్వాత ఏళ్ళ తరబడి పోటీలు ఆడుతూ ఆగితే అర్హత ఉన్న సీజన్లు తరిగిపోతాయి. నేరుగా డివిజన్ 1 కష్టంగా అనిపిస్తే, అమెరికాలోని రెండేళ్ళ జూనియర్ కాలేజీల్లో (మన ఇంటర్ కాలేజీలు కావు) చేరి ఆ తర్వాత మారే దారి ఉంది. అక్కడి కోచ్‌లు విదేశీ పిచర్ల వీడియోలు శ్రద్ధగా చూస్తారు, రాడార్ అంకె తెరమీద కనిపించేలా తీసి పంపమనండి. ఎఫ్-1 వీసా మీద ఉన్న విద్యార్థికి ఎన్‌ఐఎల్ డబ్బు మాత్రం చిక్కు. అమెరికాలో ప్రకటనకో ప్రచారానికో పనిచేసి డబ్బు తీసుకుంటే అనుమతి లేని ఉద్యోగంగా పరిగణించి వీసా హోదాకే ముప్పు రావచ్చు. ఇమ్మిగ్రేషన్ లాయరు, కాలేజీ ఇంటర్నేషనల్ ఆఫీసు ఇద్దరూ సరేనన్నాకే ఏ కాగితం మీదైనా సంతకం పెట్టాలి.